పోస్ట్‌గా పంపితే గెట్‌గా చేరింది: చివరి స్లాష్ దగ్గర ఆగిపోయిన పేమెంట్ల కేసు

ఒక కోచింగ్ సంస్థ తన ఫీజుల సైట్‌ను కొత్త ఫ్రంటెండ్‌కు మార్చిన వారంలోనే మూడు రకాల ఫిర్యాదులు మొదలయ్యాయి. డబ్బు కట్ అయినా ఫీజు ‘పెండింగ్’ అనే చూపిస్తోందని తల్లిదండ్రులు ఫోన్లు చేస్తున్నారు. లాగిన్ అయ్యాక పేజీ తిరిగి తిరిగి చివరికి ‘టూ మెనీ రీడైరెక్ట్స్’ అంటోందని విద్యార్థులు చెబుతున్నారు. రిపోర్టుల పేజీ ఖాళీగా వస్తోందన్నది అకౌంట్స్ విభాగం మాట. మూడు టికెట్లు ముగ్గురికి వెళ్లాయి. ఒకరు పేమెంట్ గేట్‌వేను, ఇంకొకరు సెషన్ కుకీలను, మరొకరు డేటాబేస్ క్వెరీలను పట్టుకున్నారు. వెతికితే మూడింటికీ మూలం ఒకటే తేలింది. అడ్రస్ చివర స్లాష్ ఉండాలా వద్దా అన్నది సిస్టమ్‌లోని ప్రతి లేయరూ సొంతంగా తేల్చేస్తోంది.

ముందు సిస్టమ్ ఎలా ఉందో చెబుతాను. బ్యాకెండ్ (సర్వర్ వైపు కోడ్) జాంగో అనే పైథాన్ ఫ్రేమ్‌వర్క్, దాని మీద రెస్ట్ ఫ్రేమ్‌వర్క్, సర్వర్‌లో దాన్ని నడిపేది గునికార్న్. పాత రోజుల్లో పేజీలు కూడా జాంగో టెంప్లేట్లే. ఇప్పుడు వాటి స్థానంలో నెక్స్ట్ జేఎస్ అనే ఫ్రంటెండ్ ఫ్రేమ్‌వర్క్ వచ్చింది. విద్యార్థులు చూసే డొమైన్ నెక్స్ట్‌కు వెళ్తుంది. ‘ఏపీఐ’ (ప్రోగ్రామ్‌లు డేటా అడిగే దారి) అని మొదలయ్యే అడ్రస్‌లను నెక్స్ట్ తన రీరైట్ రూల్‌తో, అంటే బ్రౌజర్‌కు చెప్పకుండా లోపలే అడ్రస్ మార్చి, వెనక జాంగోకు పంపుతుంది, కుకీలు ఒకే డొమైన్ మీద ఉండాలని అలా పెట్టారు. మొబైల్ యాప్‌కూ గేట్‌వేకూ వేరే సబ్‌డొమైన్ ఉంది, అది ఎన్‌జిన్‌ఎక్స్ అనే వెబ్ సర్వర్ మీదుగా నేరుగా జాంగోకు చేరుతుంది. రిపోర్టులకు ఫాస్ట్ ఏపీఐ అనే మరో పైథాన్ ఫ్రేమ్‌వర్క్‌లో రాసిన చిన్న సర్వీసు ఒకటి పక్కన నడుస్తోంది. కింద రాసిన అడ్రస్‌లు అసలువి కావు, చదవడానికి వీలుగా మార్చాను.

డబ్బు ఎటు పోయింది

ముందుగా పేమెంట్ టికెట్ పట్టుకున్నాం. మిగతా రెండూ చికాకు పెట్టేవే గానీ ఇందులో జనం డబ్బు ఉంది. గేట్‌వే డ్యాష్‌బోర్డులో చూస్తే ప్రతి వెబ్‌హుక్ (పేమెంట్ అయ్యిందని గేట్‌వే మన సర్వర్‌కు పంపే సందేశం) పక్కనా ‘డెలివర్డ్’ అని పచ్చగా ఉంది. మన డేటాబేస్‌లో ఒక్క రికార్డూ లేదు. “మేము పంపాం, మీ సర్వర్ 200 ఇచ్చింది” అని గేట్‌వే సపోర్ట్ వాళ్లన్నారు. 200 అంటే ‘అంతా సరే’ అనే జవాబు, వాళ్ల మాటలో తప్పు లేదు. ఎన్‌జిన్‌ఎక్స్ యాక్సెస్ లాగ్‌లో ప్రతి పేమెంట్‌కూ ఈ రెండు లైన్లు జంటగా కనిపించాయి:

పోస్ట్ /పేమెంట్/నోటిఫై 301
గెట్ /పేమెంట్/నోటిఫై/ 200

ఈ కేసంతా ఈ రెండు లైన్లలోనే ఉంది. పోస్ట్ అంటే డేటా పంపే రిక్వెస్ట్, గెట్ అంటే ఏదైనా ఇమ్మని అడిగేది. 301 అంటే ‘ఈ అడ్రస్ శాశ్వతంగా మారింది, అక్కడికి వెళ్లు’ అని చెప్పే రీడైరెక్ట్. గేట్‌వేలో రిజిస్టర్ చేసిన అడ్రస్‌కు చివర స్లాష్ లేదు. జాంగో యూఆర్‌ఎల్ ప్యాటర్న్‌లో స్లాష్ ఉంది. జాంగోలో అపెండ్ స్లాష్ అనే సెట్టింగ్ మనం ముట్టుకోకపోతే ఆన్‌లోనే ఉంటుంది. వచ్చిన అడ్రస్ ఏ ప్యాటర్న్‌కూ సరిపోకుండా, చివర స్లాష్ పెడితే సరిపోతుందనుకుంటే కామన్ మిడిల్‌వేర్ (రిక్వెస్ట్‌ను ముందుగా చూసే జాంగో భాగం) 301తో ఆ స్లాష్ ఉన్న అడ్రస్‌కు పంపేస్తుంది. బ్రౌజర్‌లో పేజీ చూసే మనిషికి ఇది ఎంతో మేలు. పోస్ట్ రిక్వెస్ట్‌కు మాత్రం ప్రమాదం.

ఎందుకంటే 301 అందుకున్న క్లయింట్ రెండోసారి పోస్ట్‌గానే వెళ్లాలన్న హామీ లేదు. తొలినాటి బ్రౌజర్లు 301, 302 (తాత్కాలిక రీడైరెక్ట్) రెండింటికీ పోస్ట్‌ను గెట్‌గా మార్చేసి వెళ్లేవి. ఆ అలవాటు ఎంత పాతుకుపోయిందంటే, 2022లో వచ్చిన హెచ్‌టీటీపీ ప్రమాణ పత్రం ఆర్‌ఎఫ్‌సీ 9110 కూడా చారిత్రక కారణాల వల్ల అలా మార్చవచ్చనే ఒప్పుకుంటుంది. బ్రౌజర్లు పాటించే ఫెచ్ స్టాండర్డ్‌లోనూ, పైథాన్ రిక్వెస్ట్స్ లైబ్రరీలోనూ 301కి పోస్ట్ గెట్‌గా మారుతుంది. గెట్‌గా మారితే బాడీ, అంటే రిక్వెస్ట్ మోసుకెళ్లే డేటా, పోతుంది. పేమెంట్ ఐడీ, మొత్తం, ఎవరు కట్టారన్నది ఆ బాడీలోనే ఉంటాయి. మెథడ్ (పోస్ట్, గెట్ లాంటిది) మారకూడదంటే 307 (తాత్కాలికం) గానీ 308 (శాశ్వతం) గానీ కావాలి. వీటిలో 308 ఆలస్యంగా, 2015లో ఆర్‌ఎఫ్‌సీ 7538తో ప్రమాణంగా స్థిరపడింది. అప్పటికే ఎన్నో ఫ్రేమ్‌వర్కులు 301కి అలవాటు పడిపోయాయి.

మరి రెండో లైన్‌లో 200 ఎందుకు వచ్చింది? పోస్ట్ మాత్రమే తీసుకునే వ్యూ (రిక్వెస్ట్‌కు జవాబిచ్చే కోడ్) అయితే 405 (ఈ మెథడ్ కుదరదు) రావాలి, గేట్‌వే ఫెయిల్యూర్ అని గుర్తించి మళ్లీ మళ్లీ పంపాలి. ఈ వ్యూలో ఎప్పుడో ఒక వెసులుబాటు పెట్టారు: గెట్ వస్తే ‘ఓకే’ అని చెప్పు. అడ్రస్ రిజిస్టర్ చేసేటప్పుడు అది పనిచేస్తోందో లేదో గేట్‌వే ఒకసారి తట్టి చూస్తుంది, దాని కోసం. ఆ ఒక్క లైన్ వల్ల బాడీ లేకుండా వచ్చిన ప్రతి వెబ్‌హుక్‌కూ మన సర్వర్ ‘అందింది’ అని చెప్పేసింది. గేట్‌వే రీట్రై చేయలేదు. ఎర్రర్ లాగ్‌లో ఏమీ పడలేదు. మానిటరింగ్‌లో అంతా పచ్చగానే ఉంది. అన్ని గేట్‌వేలూ ఇలా రీడైరెక్ట్ వెంట వెళ్లవు. 3తో మొదలయ్యే ఏ స్టేటస్‌నైనా ఫెయిల్యూర్‌గా లెక్కేసేవి ఉన్నాయి. అవే మేలు, కనీసం గొడవ బయటపడుతుంది.

అదే అడ్రస్ ఏళ్లుగా పనిచేస్తూ ఇప్పుడెందుకు చెడింది? పాత ఎన్‌జిన్‌ఎక్స్ కాన్ఫిగ్‌లో, స్లాష్ లేని అడ్రస్‌కు లోపలే స్లాష్ తగిలించి జాంగోకు అందించే రీరైట్ రూల్ ఒకటి ఉండేది. అది క్లయింట్‌కు చెప్పే రీడైరెక్ట్ కాదు, సర్వర్ లోపలే జరిగే మార్పు. క్లయింట్‌కు తెలియదు, మెథడ్ మారదు, బాడీ పోదు. కొత్త ఫ్రంటెండ్ కోసం కాన్ఫిగ్ శుభ్రం చేసినప్పుడు, పాత టెంప్లేట్ పేజీల కోసం పెట్టిన రూల్ అనుకుని దాన్ని తీసేశారు. ఎందుకు పెట్టారో దాని పక్కన ఒక్క కామెంట్ కూడా లేదు.

టెస్టింగ్‌లో ఎందుకు దొరకలేదన్నది విడిగా చెప్పుకోవాలి. డెవలపర్ లాప్‌టాప్‌లో డీబగ్ ఆన్‌లో ఉన్నప్పుడు జాంగో ఈ తప్పును దాచదు. స్లాష్ లేకుండా పోస్ట్ చేస్తే, పోస్ట్ డేటా కాపాడుతూ రీడైరెక్ట్ చేయలేనని రన్‌టైమ్ ఎర్రర్ విసురుతుంది. డీబగ్ ఆఫ్ చేసిన సర్వర్లో ఆ హెచ్చరిక ఉండదు, మౌనంగా 301 ఇస్తుంది. అసలు సర్వర్‌కు ముందు పరీక్షించే స్టేజింగ్‌లో డీబగ్ ఆఫ్ ఉంది, ఉండాల్సిందే. కానీ అక్కడ టెస్ట్ చేసినవాళ్ల పోస్ట్‌మ్యాన్ (రిక్వెస్టులు పంపి చూసే టూల్) కలెక్షన్‌లో అడ్రస్‌లన్నీ స్లాష్‌తోనే ఉన్నాయి.

ఇంకొకటి, కమాండ్ లైన్ నుంచి రిక్వెస్టులు పంపే కర్ల్ టూల్. టీమ్‌లో కుర్రాడొకడు “అన్నా, నేను కర్ల్‌తో కొడితే రెండో రిక్వెస్ట్ కూడా పోస్ట్‌గానే వెళ్తోంది, రీడైరెక్ట్ వల్ల కాదేమో” అన్నాడు. అతను వాడిన కమాండ్‌లో రీడైరెక్ట్ వెంట వెళ్లే క్యాపిటల్ ఎల్ ఆప్షన్‌తో పాటు, క్యాపిటల్ ఎక్స్‌తో పోస్ట్ అని విడిగా రాసి ఉంది. అలా రాస్తే కర్ల్ ప్రతి దశలోనూ పోస్ట్ అనే పదాన్నే పంపుతుంది. అది తీసేసి డేటా ఆప్షన్ ఒక్కటే ఉంచితే కర్ల్ కూడా 301 తర్వాత గెట్‌కు మారుతుంది. రీడైరెక్ట్ సమస్యలు వెతికేటప్పుడు క్యాపిటల్ ఎల్ అసలు వాడకపోవడమే నయం. ఒక్కో దశను విడిగా కొట్టి, స్టేటస్ చూసి, ఎక్కడికి వెళ్లాలో సర్వర్ చెప్పే లొకేషన్ హెడర్ చదివి, ఆ అడ్రస్‌ను చేత్తో మళ్లీ కొట్టాలి. ఓపిక కావాలి, కానీ ఏ దశలో ఏం మారిందో కళ్లకు కడుతుంది.

ఆ రీడైరెక్ట్ ఎవరిచ్చారన్నది కూడా పట్టుకోవచ్చు. ఎన్‌జిన్‌ఎక్స్ సొంతంగా ఇచ్చే 301లో ఒక చిన్న హెచ్‌టీఎంఎల్ పేజీ ఉంటుంది, మామూలుగా దాని అడుగున ఎన్‌జిన్‌ఎక్స్ పేరుంటుంది. జాంగో ఇచ్చే 301లో బాడీ ఖాళీ. అప్పటికీ అనుమానం తీరకపోతే సర్వర్ లోపలికి వెళ్లి గునికార్న్ పోర్టునే నేరుగా కొట్టాలి. అక్కడా 301 వస్తే అది జాంగోదే.

ఇద్దరి మధ్య ఇరుక్కున్న బ్రౌజర్

లాగిన్ టికెట్‌లో ఉన్నది మరో రకం చిక్కు. నెక్స్ట్ జేఎస్ అలవాటు జాంగోకు సరిగ్గా వ్యతిరేకం. అడ్రస్ చివర స్లాష్ ఉంటే 308తో దాన్ని తీసేయమంటుంది. జాంగో 301తో పెట్టమంటుంది. బ్రౌజర్ ‘/ఏపీఐ/ప్రొఫైల్/’ అడిగితే నెక్స్ట్ ‘/ఏపీఐ/ప్రొఫైల్’కు పొమ్మంది. అలా వెళ్తే నెక్స్ట్ దాన్ని రీరైట్‌తో జాంగోకు అందించింది, జాంగో ‘/ఏపీఐ/ప్రొఫైల్/’కు పొమ్మంది. ఈ కౌంటర్‌వాళ్లు ఆ కౌంటర్‌కూ, ఆ కౌంటర్‌వాళ్లు ఈ కౌంటర్‌కూ పంపే ఆఫీసులో కాగితం పట్టుకుని తిరిగినట్టు బ్రౌజర్ తిరిగింది. ఫెచ్ స్టాండర్డ్ ప్రకారం 20 రీడైరెక్టులు దాటితే బ్రౌజర్ చేతులెత్తేస్తుంది.

టీమ్‌ను ఎక్కువ తికమక పెట్టింది లాగ్‌లు. లూప్ జరుగుతుంటే సర్వర్ లాగ్‌లో వందల లైన్లు ఉండాలి కదా అనుకుంటాం. చాలామంది విద్యార్థుల విషయంలో రెండు లైన్లు పడి ఆగిపోయాయి. కారణం, 301, 308 రెండూ శాశ్వతమని అర్థం. కాష్ కంట్రోల్ హెడర్‌తో వద్దని చెప్పకపోతే బ్రౌజర్ వాటిని దాచుకోవచ్చు. ఒకసారి రెండూ దాచుకున్నాక ఆ లూప్ అంతా బ్రౌజర్ లోపలే తిరుగుతుంది, సర్వర్ దాకా రాదు. దీనివల్లే సర్వర్‌లో సరిచేసిన తర్వాత కూడా కొందరికి ‘ఇంకా అలాగే ఉంది’. ఇన్‌కాగ్నిటోలో తెరిస్తే బాగానే ఉంటుంది, మామూలు విండోలో ఉండదు. వేలమంది విద్యార్థులకు కాష్ క్లియర్ చేసుకోమని చెప్పడం పరిష్కారం కాదు.

నెక్స్ట్ వైపు రెండు మార్పులు చేశాం. స్కిప్ ట్రైలింగ్ స్లాష్ రీడైరెక్ట్ అనే సెట్టింగ్ ఆన్ చేస్తే నెక్స్ట్ తనంతట తాను స్లాష్ తీసేయడం మానుకుంటుంది. కానీ అదొక్కటే చాలదు. రీరైట్ రూల్‌లో నక్షత్రం గుర్తుతో పాత్ మొత్తాన్ని పట్టుకున్నప్పుడు చివరి స్లాష్ ఆ పట్టులోకి రాదు, గమ్యం అడ్రస్‌లో అది మాయమవుతుంది. అందుకే గమ్యం చివర స్లాష్‌ను మనమే రాయాలి. ఈ రెండో ముక్క తెలియక ‘సెట్టింగ్ మార్చినా లూప్ పోలేదు’ అని తల పట్టుకునేవాళ్లు చాలామంది ఉంటారు.

కాష్‌లో ఇరుక్కున్నవాళ్ల కోసం ఫ్రంటెండ్ పిలిచే అడ్రస్‌ల ముందుభాగాన్నే మార్చాం, ‘/ఏపీఐ/’ బదులు ‘/ఏపీఐ2/’. బ్రౌజర్ దాచుకున్న రీడైరెక్టులు పాత అడ్రస్‌లకే కాబట్టి కొత్తవాటికి అవి అడ్డురావు. చూడ్డానికి అందంగా ఉండదు. కానీ 301ని వెనక్కి పిలిచే మార్గం మన చేతిలో ఉండదు, ఎదుటివాళ్ల కంప్యూటర్‌లో అది ఎన్నాళ్లుంటుందో మనం చెప్పలేం. ఏ కొత్త రీడైరెక్ట్ అయినా ముందు 302తో పెట్టి, కొన్నాళ్లు చూసి, ఇక మారదని నమ్మకం కుదిరాకే 301 చేయాలని నేను గట్టిగా చెబుతాను.

ఖాళీ రిపోర్టులు

ఇది తొందరగానే తేలింది. ఫాస్ట్ ఏపీఐ కింద ఉండే స్టార్లెట్ కూడా స్లాష్ తేడా వస్తే రీడైరెక్ట్ చేస్తుంది, అయితే 307తో. అంటే మెథడ్, బాడీ భద్రం. చిక్కు వేరేచోట ఉంది: అది లొకేషన్‌లో పూర్తి అడ్రస్ రాస్తుంది. ముందున్న లోడ్ బ్యాలెన్సర్ (రిక్వెస్టులను సర్వర్లకు పంచేది) హెచ్‌టీటీపీఎస్‌ను విప్పి లోపలికి మామూలు హెచ్‌టీటీపీలో పంపుతుంది కాబట్టి, సర్వీసు తన అడ్రస్ హెచ్‌టీటీపీ అనే అనుకుని అలాగే రాసింది. హెచ్‌టీటీపీఎస్ పేజీలోంచి హెచ్‌టీటీపీకి వెళ్లే కాల్‌ను బ్రౌజర్ ‘మిక్స్‌డ్ కంటెంట్’ అని ఆపేసింది. పేజీ ఖాళీ.

అసలు ప్రోటోకాల్ ఏదో చెప్పే ఫార్వర్డెడ్ ప్రోటో హెడర్‌ను లోడ్ బ్యాలెన్సర్ పంపుతూనే ఉంది. ఫాస్ట్ ఏపీఐ సర్వీసును నడిపే యువికార్న్ దాన్ని నమ్మలేదు. మామూలుగా అది 127.0.0.1 (అదే మెషీన్) నుంచి వచ్చిన ప్రాక్సీ హెడర్లనే నమ్ముతుంది, కంటైనర్లలో ప్రాక్సీ ఐపీ వేరే ఉంటుంది. ఏ ఐపీల నుంచి వస్తే నమ్మాలో చెప్పే ఆప్షన్‌లో లోడ్ బ్యాలెన్సర్ రేంజ్ ఇచ్చాం. అన్నింటినీ నమ్మమని నక్షత్రం గుర్తు పెట్టేసే సలహా తరచూ వినిపిస్తుంది. ఆ పోర్టుకు బయటివాళ్లు నేరుగా చేరగలిగితే అది ప్రమాదం, ఎవరైనా తమకు నచ్చిన హెడర్ పంపి నమ్మించవచ్చు.

జాంగోలో స్లాష్ రీడైరెక్ట్‌కు ఈ ఇబ్బంది రాదు, లొకేషన్‌లో పాత్ ఒక్కటే రాస్తుంది. అయితే సెక్యూర్ ఎస్ఎస్ఎల్ రీడైరెక్ట్ ఆన్ చేసి, ప్రాక్సీ ఎస్ఎస్ఎల్ హెడర్ సెట్టింగ్ మరిచిపోతే అక్కడ అంతులేని లూప్ వస్తుంది. లక్షణం అదే, స్లాష్‌తో సంబంధం లేదు. లూప్ చూడగానే స్లాష్ అని తేల్చేయకుండా లొకేషన్ హెడర్‌లో మారుతున్నది పాతా, ప్రోటోకాలా, హోస్టా అన్నది ముందు చూడాలి.

ఎవరి మాట చెల్లాలి

మూడింటినీ విడివిడిగా సరిచేసి టికెట్లు మూసేయవచ్చు. అలా చేస్తే తర్వాతి కాన్ఫిగ్ మార్పులో ఇదే మళ్లీ వస్తుంది. స్లాష్ మీద నిర్ణయం ఒక్క లేయర్‌దే కావాలి, మిగతావి వచ్చింది వచ్చినట్టు అందించాలి.

స్లాష్ ఉన్న అడ్రస్, లేని అడ్రస్ వేర్వేరన్నది 2005 నాటి ఆర్‌ఎఫ్‌సీ 3986 ప్రకారం వాస్తవమే. డొమైన్ పేరు తర్వాత వచ్చే మొదటి స్లాష్ ఒక్కటే మినహాయింపు, అక్కడ పెట్టినా మానినా ఒకటే. తేడా ఎక్కడ బయటపడుతుందంటే రిలేటివ్ లింకుల్లో. ‘/కోర్సులు/’ పేజీలో ‘ఫీజు’ అనే లింకు ‘/కోర్సులు/ఫీజు’కు వెళ్తుంది. ‘/కోర్సులు’ పేజీలో అదే లింకు ‘/ఫీజు’కు వెళ్తుంది. పైథాన్ యూఆర్‌ఎల్ జాయిన్ ఫంక్షన్‌దీ ఇదే లెక్క. బేస్ అడ్రస్ ‘/ఏపీఐ/వీ1’ అని స్లాష్ లేకుండా ఇస్తే చివరి ‘వీ1’ ఎగిరిపోతుంది. ఆండ్రాయిడ్‌లో రెట్రోఫిట్ లైబ్రరీ బేస్ అడ్రస్ చివర స్లాష్ లేకపోతే అక్కడికక్కడే ఎర్రర్ ఇచ్చి ఆగిపోతుంది. నాకు ఆ పద్ధతి చాలా నచ్చుతుంది. తప్పును డెవలపర్ ముందే పెడుతుంది, యూజర్ దాకా పోనివ్వదు.

ఫ్రేమ్‌వర్కుల అలవాట్లు ఒక్కోటి ఒక్కోలా ఉంటాయి. ఫ్లాస్క్‌లో రూట్‌ను స్లాష్‌తో రాస్తే, లేకుండా వచ్చినవాళ్లను 308తో పంపుతుంది, స్లాష్ లేకుండా రాస్తే స్లాష్‌తో వచ్చినవాళ్లకు 404 (దొరకలేదు). ఎక్స్‌ప్రెస్ మామూలుగా రెండింటినీ ఒకటిగానే చూస్తుంది. ఎన్‌జిన్‌ఎక్స్‌లో ప్రాక్సీ పాస్ చివర స్లాష్ పెడితే కాన్ఫిగ్‌లోని లొకేషన్ బ్లాక్‌లో రాసిన ముందుభాగం తీసేసి పంపుతుంది, పెట్టకపోతే పూర్తి పాత్ పంపుతుంది. ఒక్క అక్షరం తేడాతో అన్ని అడ్రస్‌లూ 404 అయిన సందర్భాలు చాలా చూశాను.

ఈ కేసులో నిర్ణయం జాంగోదే అని తేల్చాం, స్లాష్ ఉండాలని. కారణం సిద్ధాంతం కాదు. ఫోన్లలో ఇప్పటికే ఉన్న యాప్ స్లాష్‌తోనే పిలుస్తోంది, అందరిచేతా అప్‌డేట్ చేయించలేం. అపెండ్ స్లాష్‌ను ఆఫ్ చేశాం. ఇప్పుడు స్లాష్ మరిచిపోయి ఏపీఐని పిలిస్తే 404 వస్తుంది. ఏపీఐ విషయంలో 301 కంటే 404 నిజాయితీ గల జవాబు, రాసినవాడికి ఆ నిమిషమే తెలుస్తుంది. పేజీలు ఇంకా జాంగోలోనే ఉన్న ప్రాజెక్టులో అయితే సెట్టింగ్‌ను అలాగే ఉంచి, జాంగో 3.2 నుంచి ఉన్న నో అపెండ్ స్లాష్ డెకరేటర్‌ను ఏపీఐ వ్యూల మీద పెట్టేవాళ్లం. ఆఫ్ చేసిన వెంటనే స్టాఫ్ నుంచి ఒక ఫిర్యాదు వచ్చింది: ‘/అడ్మిన్’ అని కొడితే తెరుచుకోవడం లేదు. ఆ ఒక్క అడ్రస్‌కు ఎన్‌జిన్‌ఎక్స్‌లో 302 పెట్టాం, ఎందుకో పక్కన కామెంట్ రాశాం.

వెబ్‌హుక్‌కు మాత్రం మినహాయింపు ఇచ్చాం. దాని ప్యాటర్న్‌ను రెగ్యులర్ ఎక్స్‌ప్రెషన్‌గా మార్చి, చివరి స్లాష్ పక్కన ప్రశ్న గుర్తు పెట్టాం. స్లాష్ ఉన్నా లేకపోయినా రీడైరెక్ట్ లేకుండా అదే వ్యూకు చేరుతుంది. బయటి సంస్థ మన అడ్రస్‌ను ఎలా టైప్ చేసుకుంటుందో మన చేతిలో ఉండదు, అక్కడ పట్టుదల పనికిరాదు. గెట్‌కు ‘ఓకే’ చెప్పే లైన్ తీసేశాం, ఇప్పుడు 405. బాడీ ఖాళీగా వచ్చినా, సంతకం (గేట్‌వేనే పంపిందనే రుజువు) సరిపోకపోయినా 400 (తప్పు రిక్వెస్ట్). గేట్‌వే రీట్రై చేసేది ఇలాంటి జవాబులు చూసే.

పోయిన పేమెంట్లను గేట్‌వే లావాదేవీల ఏపీఐ నుంచి తేదీలవారీగా తెచ్చి, ఆర్డర్ ఐడీతో జత చేసి రసీదులు పంపాం. ఆ స్క్రిప్టునే రాత్రిపూట రోజూ నడిచేలా ఉంచాం. డబ్బు లెక్కకు వెబ్‌హుక్ ఒక్కదాన్నే నమ్ముకోకూడదు.

టెస్టుల్లో ఒక జాగ్రత్త. జాంగో టెస్ట్ క్లయింట్‌కు ఫాలో ఆప్షన్ ఇస్తే అది కూడా 301 తర్వాత పోస్ట్‌ను గెట్‌గా మార్చి, చివరి 200ను మన చేతిలో పెడుతుంది. స్టేటస్ ఒక్కటే చూసే టెస్ట్ పాసైపోతుంది. అందుకే పోస్ట్ తీసుకునే ప్రతి అడ్రస్‌నూ స్లాష్‌తోనూ, లేకుండానూ ఫాలో లేకుండా కొట్టి, 3తో మొదలయ్యే స్టేటస్ వస్తే ఫెయిల్ అయ్యేలా రాశాం. లాగ్‌ల మీద కూడా ఒక అలర్ట్ ఉంది: ఏపీఐ అడ్రస్‌లలో గెట్, హెడ్ కాని ఏ రిక్వెస్ట్‌కైనా 3తో మొదలయ్యే జవాబు వెళ్తే మెసేజ్ వస్తుంది. పెట్టిన కొద్ది రోజుల్లోనే ఆ అలర్ట్ పాత రిపోర్టుల సర్వీసులో ఇంకో అడ్రస్‌ను పట్టిచ్చింది. అక్కడ 307 వల్ల డేటా పోలేదు గానీ, ప్రతి అప్‌లోడ్ ఫైల్‌నూ బ్రౌజర్ రెండుసార్లు పంపుతోంది. ఫ్రంటెండ్‌లో ఆ అడ్రస్ చివర స్లాష్ చేర్చి దాన్నీ ముగించాం.